పులిహోర కలిపే వరుస

పండుగకు గాని, పెళ్ళికి గాని తెలుగువారి విస్తరిలో ఒక పక్కన పులిహోర ఉండి తీరవలసినదే. గుడిలో ప్రసాదంగా పంచేదీ, దూర ప్రయాణాలకు మూటగట్టుకొని పోయేదీ అదే. 'పులి' అనగా పులుపు. కన్నడిగులు దీనిని పుళియోగరె అనీ, తమిళులు పుళియోదరై అనీ అంటారు. చింతపండు పులిహోరకు కొంత వ్యవధి కావాలి. నిమ్మకాయ పులిహోర అట్లా కాదు. అన్నం సిద్ధంగా ఉంటే పావుగంటలో తయారవుతుంది. రాయలసీమలో దీనినే చిత్రాన్నం అంటారు.

త్వరగా అయ్యే వంటకమే అయినా, దీనిని కలపడంలో ఒక వరుస ఉన్నది. అన్నం పలుకుగా వండాలి. పళ్ళెంలో పోసి ఆరనివ్వాలి. పోపులో పప్పులు ముందు, ఇంగువ తరువాత. నిమ్మరసం అన్నిటికంటె చివర. ఏ పుస్తకమూ చదవకుండానే ఇంటిలోని పెద్దలను చూచి పిల్లలు ఈ వరుసను నేర్చుకొన్నారు. ఒక మెట్టు తప్పితే అన్నం ముద్ద కడుతుంది, పోపు మాడుతుంది, నిమ్మవాసన పోతుంది. ఎందువలన?

దీనితోబాటు మరొక ప్రశ్న కూడా ఉన్నది. రాత్రి మిగిలిన అన్నానికి ఉదయం పోపు వేసి, నిమ్మకాయ పిండి, పిల్లల బడి డబ్బాలో సర్దడం అనేక ఇళ్ళలో అలవాటు. పులుపు తగిలింది గనుక అన్నానికి ఇక భయం లేదని నమ్మకం. ఈ నమ్మకం ఎంతవరకు నిజమో తెలియాలన్నా, ముందు ఆ వరుసలోని కారణాలు తెలియాలి.

కావలసినవి

నలుగురికి సరిపడే పులిహోరకు బియ్యం 250 గ్రాములు, మధ్యరకం నిమ్మకాయలు రెండు, నూనె మూడు పెద్ద చెంచాలు, వేరుశనగ గుళ్ళు ఒక గుప్పెడు, శనగపప్పు, మినపప్పు ఒక్కొక్క చెంచా, ఆవాలు అర చెంచా, ఎండుమిరపకాయలు మూడు, పచ్చిమిరపకాయలు నాలుగు, కరివేపాకు రెండు రెబ్బలు, చిటికెడు ఇంగువ, అర చెంచా పసుపు, తగినంత ఉప్పు కావాలి.

బియ్యాన్ని పలుకుగా వండి, వెడల్పాటి పళ్ళెంలో పోసి, ఒక చెంచా నూనె, ఉప్పు చల్లి ఆరనివ్వాలి. బాణలిలో మిగిలిన నూనె కాచి, వేరుశనగ గుళ్ళు, శనగపప్పు వేయించాలి. అవి రంగు మారుతుండగా మినపప్పు, ఆవాలు వేయాలి. ఆవాలు చిటపటలాడిన తరువాత మిరపకాయలు, కరివేపాకు, ఇంగువ, పసుపు వేసి వెంటనే దించాలి. ఈ పోపును అన్నంలో కలిపి, చివరకు గింజలు తీసిన నిమ్మరసం పోసి, మెతుకు నలగకుండా కలపాలి. చేయవలసినది ఇంతే.

అన్నం పలుకుగా ఎందుకు ఉండాలి?

బియ్యపు గింజలో అధికభాగం పిండిపదార్థం. అది గింజలో అతి సూక్ష్మమైన రేణువుల రూపంలో ఉంటుంది. ఒక్కొక్క రేణువు వ్యాసం సుమారు 3 నుండి 8 మైక్రానులు మాత్రమే. మిల్లీమీటరులో వెయ్యవ వంతు ఒక మైక్రాను. ధాన్యాల పిండిరేణువులలో బియ్యానివి మిక్కిలి చిన్నవి.

ఈ రేణువులలో రెండు రకాల అణువులు ఉన్నాయి. రెండూ గ్లూకోజు ముక్కల గొలుసులే. ఎమిలోజు అనేది దారంవలె పొడుగుగా ఉంటుంది. ఎమిలోపెక్టిన్ చెట్టు కొమ్మలవలె పాయలు పాయలుగా చీలి ఉంటుంది. చన్నీటిలో ఈ రేణువులు కరగవు. నీరు కాగి ఉష్ణోగ్రత 55 నుండి 79 డిగ్రీల సెంటిగ్రేడు మధ్యకు వచ్చేసరికి, బియ్యం రకాన్ని బట్టి, రేణువులు నీటిని పీల్చి ఉబ్బి మెత్తబడతాయి. అన్నం ఉడకడం అంటే ఇదే. నీరు ఎక్కువై, ఉడుకు మించితే రేణువులు పగిలి, పిండి బయటికి వచ్చి, మెతుకులను ఒకదానికొకటి అతికిస్తుంది. అప్పుడు పులిహోర ముద్ద కడుతుంది.

ఎమిలోజు ఎక్కువగా ఉండే బియ్యపు అన్నం విడివిడిగా ఉంటుంది. అది దాదాపు లేని జిగురు బియ్యం ఎట్లా వండినా అంటుకొంటుంది. పులిహోరకు పాతబియ్యం మంచివనే మాటలో కూడా నిజం ఉన్నది. నిలువ ఉన్న కొద్దీ గింజలోని మాంసకృత్తులలోను, కొవ్వులలోను మార్పులు జరిగి గింజ కట్టు గట్టిపడుతుంది. అందువలన పాతబియ్యం నీటిని ఎక్కువగా పీల్చి బాగా ఒదుగుతాయి గాని త్వరగా చిట్లవు. కొత్తబియ్యం జిగురు తేలేది అందుకే. వేడి అన్నం మీద చల్లే చెంచాడు నూనె మెతుకుల చుట్టూ పలుచని పొరగా ఏర్పడి, అవి ఒకదానినొకటి పట్టుకోకుండా చేస్తుంది.

అన్నాన్ని వార్చి గంజి పారబోసేవారు ఒక సంగతి గుర్తుంచుకోవాలి. నీటిలో కరిగే బి విటమినులలో కొంతభాగం ఆ గంజితోనే పోతుంది. నీరు కొలిచి పోసి, ఇగిరేవరకు వండితే ఆ నష్టం ఉండదు.

పళ్ళెంలో ఆరబోయడం

పొయ్యి దించిన అన్నాన్ని గిన్నెలోనే ఉంచితే గంటలు గడచినా నడుమ వేడి తగ్గదు. పళ్ళెంలో పరిస్తే కొద్ది నిమిషాలలో చల్లారుతుంది. గాలి తగిలే వైశాల్యం పెరగడం ఒక కారణం. ఆవిరి తేలికగా వెళ్ళిపోవడం అంతకంటె ముఖ్యమైన కారణం.

నీరు ఆవిరిగా మారేటప్పుడు వేడిని తనతో తీసుకొని పోతుంది. దీనినే గుప్తోష్ణం అంటారు. మరుగుతున్న ఒక గ్రాము నీరు ఆవిరి కావడానికి సుమారు 540 కెలోరీల వేడి కావాలి. ఇంకా చల్లని నీటికి మరికొంత ఎక్కువే కావాలి. ఒక కిలో అన్నం నుండి 10 గ్రాముల నీరు ఆవిరై పోయినదనుకొంటే, కనీసం 5,400 కెలోరీల వేడి పోయినట్లే. అన్నపు విశిష్టోష్ణం 0.8 ప్రాంతంలో ఉంటుంది గనుక, ఆ కిలో అన్నం ఉష్ణోగ్రత ఆరేడు డిగ్రీలు తగ్గిపోతుంది. పది గ్రాముల నీటితో ఇంత పని జరుగుతున్నది. ఈ లెక్కను విద్యార్థులు స్వయంగా వేసి చూడవచ్చును.

చల్లారేటప్పుడు మెతుకులో మరొక మార్పు కూడా వస్తుంది. ఉడికినప్పుడు చెదరిపోయిన ఎమిలోజు అణువులు మళ్ళీ ఒకదాని పక్కన ఒకటి చేరి బిగుసుకొంటాయి. మెతుకు కొంచెం గట్టిపడుతుంది. కనుకనే వేడివేడి అన్నాన్ని కలిపితే నలిగిపోతుంది; ఆరిన అన్నాన్ని కలిపితే నలగదు. ఈ మార్పు మరీ ముదిరితే అన్నం బిరుసెక్కుతుంది. రిఫ్రిజిరేటరులో పెట్టిన అన్నం గింజ కట్టుకొనిపోవడానికి కారణం ఇదే. మళ్ళీ బాగా వేడిచేస్తే మెత్తబడుతుంది.

పోపు: నూనె చేసే పని

నీటిలో ఉడికే వస్తువు ఉష్ణోగ్రత, మూత బిగించని గిన్నెలో 100 డిగ్రీలను దాటదు. నూనెకు ఈ హద్దు లేదు. కాగిన నూనె 150 డిగ్రీలను సులభంగా దాటుతుంది. నీటిలో ఎంతసేపు ఉడికినా రాని రంగు, కమ్మదనం పోపులో రెండు నిమిషాలలో రావడానికి కారణం ఈ ఉష్ణోగ్రతయే. పప్పులలోని మాంసకృత్తుల ముక్కలు, చక్కెరలు ఆ వేడికి కలసి గోధుమ వన్నెగల కొత్త పదార్థాలను, వాటితోబాటు అనేక సువాసన ద్రవ్యాలను పుట్టిస్తాయి. ఈ చర్యను 1912లో వివరించిన ఫ్రెంచి శాస్త్రజ్ఞుడు లూయీ కామీల్ మయ్యార్ పేరుతో దీనిని మయ్యార్ చర్య అంటారు. రొట్టె పైపొర ఎర్రబడటం, కాఫీగింజలు వేగినప్పుడు వచ్చే వాసన కూడా ఈ చర్య వలననే.

పోపులో వేసే వరుసకు గింజల పరిమాణమే ఆధారం. వేడి గింజ పైభాగం నుండి లోపలికి పోవాలి. వేరుశనగ గుండు, శనగబద్ద పెద్దవి గనుక వాటికి ఎక్కువసేపు పడుతుంది. మినపబద్ద అంతకంటె త్వరగా వేగుతుంది. అన్నీ ఒకేసారి వేస్తే, శనగపప్పు వేగేసరికి మినపప్పు మాడిపోతుంది.

నూనె కాగినదో లేదో తెలుసుకోవడానికి ముందుగా రెండు మూడు ఆవాలు వేసి చూస్తారు. ఇది వంటింటి ఉష్ణమాపకం. ఆవగింజలో కొద్దిపాటి తేమ ఉన్నది. గట్టి పైపొర దానిని బయటికి పోనివ్వదు. నీరు ఆవిరైతే దాని పరిమాణం 1,600 రెట్లకు పైగా పెరుగుతుంది. ఆ ఒత్తిడికి పైపొర ఫెళ్ళున పగులుతుంది. నూనె చాలినంత కాగకపోతే ఆవిరి మెల్లమెల్లగా జారిపోయి గింజ పగలదు. పచ్చిమిరపకాయలను చీల్చి వేయడంలో ఉన్న జాగ్రత్త కూడా ఇదే సూత్రం మీద ఆధారపడినది. చీల్చని కాయలో ఆవిరి చిక్కుకొని, కాయ పేలి, వేడినూనె ముఖాన చిందవచ్చును. కరివేపాకును తడి లేకుండా తుడిచి వేయడం కూడా ఇందుకే.

నూనె చేసే రెండవ పని రుచులను మోయడం. మిరపలోని కారానికి మూలమైన కాప్సైసిన్, పసుపులోని వన్నెకు మూలమైన కుర్కుమిన్ నీటిలో దాదాపు కరగవు, నూనెలో కరుగుతాయి. కనుక వాటిని నేరుగా అన్నంలో చల్లితే మచ్చలు మచ్చలుగా ఉండిపోతాయి. నూనెలో వేస్తే ప్రతి మెతుకుకూ చేరుతాయి. కారం తిని మంచినీళ్ళు తాగితే మంట తగ్గదు, పెరుగన్నం తింటే తగ్గుతుంది; అందుకూ కారణం ఇదే. నీరు కాప్సైసిన్‌ను కడగలేదు. పెరుగులోని కొవ్వు, మాంసకృత్తులు దానిని పట్టి తీసుకొనిపోతాయి.

మిరప ఈ దేశపు మొక్క కాదు. అది అమెరికా ఖండాల నుండి, 1492లో కొలంబస్ యాత్ర తరువాత, పోర్చుగీసువారి ఓడల ద్వారా ఇక్కడికి చేరినది. అంతకు పూర్వం ఈ దేశపు వంటలకు కారం ఇచ్చినవి మిరియాలు, అల్లం మొదలైనవి. ఇంగువ కూడా చిరకాలంగా ఇరాను, ఆఫ్ఘనిస్తాను ప్రాంతాల నుండి దిగుమతి అవుతున్న వస్తువే. అది ఒక మొక్క వేరునుండి కారే పాలు గట్టిపడగా ఏర్పడిన బంక. హిమాచల్ ప్రదేశ్‌లోని లాహుల్ లోయలో 2020 అక్టోబరులో దాని మొక్కలను నాటి, మన దేశంలో సాగుకు ప్రయత్నం ప్రారంభించారు. ఇంగువలోని గంధక సమ్మేళనాలు పచ్చిగా ఉన్నప్పుడు ఘాటు వాసన ఇస్తాయి. వేడినూనెలో ఆ ఘాటు తగ్గి కమ్మదనం వస్తుంది. అవి త్వరగా ఎగిరిపోయే పదార్థాలు గనుక ఇంగువను పోపు దించబోయేముందు మాత్రమే వేస్తారు.

ఆవ పెట్టడం

ఒకే ఆవాలు రెండు విధాల రుచి ఇవ్వడం గమనించదగిన విషయం. పోపులో వేగిన ఆవాలలో ఘాటు ఉండదు. నూరి కలిపిన 'ఆవ' మాత్రం ముక్కుకు ఎక్కుతుంది. కోస్తా జిల్లాలలో ఆవపెట్టిన పులిహోరకు ప్రత్యేకమైన పేరున్నది.

ఆవగింజలో సినిగ్రిన్ అనే పదార్థం ఒకచోట, మైరోసినేజు అనే ఎంజైము వేరొకచోట ఉంటాయి. గింజ నలిగి, నీరు తగిలినప్పుడే ఈ రెండూ కలుస్తాయి. ఎంజైము సినిగ్రిన్‌ను విడగొట్టి ఘాటైన నూనెను పుట్టిస్తుంది. నలగని గింజను కొరకకుండా మింగితే ఘాటు తెలియకపోవడానికి కారణం ఇదే. కాగిన నూనెలో ఆ ఎంజైము నశిస్తుంది. అందువలన వేగిన ఆవాలను తరువాత ఎంత నూరినా ఘాటు రాదు. ఆవను చన్నీటితోనే నూరి, వేడి తగ్గిన అన్నంలో కలపాలన్న నియమానికి ఆధారం ఇక్కడ ఉన్నది. వేడినీటితో నూరితే ఎంజైము పనిచేయకముందే చచ్చిపోతుంది.

నిమ్మరసం చివర ఎందుకు?

నిమ్మరసంలో సుమారు 5 నుండి 7 శాతం సిట్రిక్ ఆమ్లం ఉంటుంది. 1784లో దీనిని స్ఫటికాలుగా వేరుచేసినవాడు స్వీడన్ రసాయనజ్ఞుడు షీలే. అంతకు పదిహేనేళ్ళ ముందు, 1769లో, టార్టారిక్ ఆమ్లాన్ని వేరుచేసినదీ అతడే. చింతపండు పులుపు ముఖ్యంగా ఈ టార్టారిక్ ఆమ్లానిది.

రెండు ఆమ్లాలూ ఉడుకుకు తట్టుకొనేవే. అయినా చింతపండు పులుసును గంటసేపు ఉడికిస్తారు. నిమ్మరసాన్ని పొయ్యి మీద పోయరు. భేదం ఆమ్లంలో లేదు, తోడుగా ఉన్న పదార్థాలలో ఉన్నది. నిమ్మకు పరిమళం ఇచ్చే నూనెలు వేడికి ఎగిరిపోతాయి. నిమ్మలోని సి విటమిను వేడికి, గాలికి నశిస్తుంది. ఈ విటమిను పప్పులలో, ఆకులలో ఉండే ఇనుము శరీరానికి పట్టడానికి సాయపడుతుంది. పోపు దించి, అన్నం ఆరిన తరువాత నిమ్మకాయ పిండితే పరిమళమూ విటమినూ అధికభాగం నిలుస్తాయి. గింజలు తీసివేయడం ఎందుకంటే, వాటిలో చేదు పదార్థాలు ఉన్నాయి. నలిగితే ఆ చేదు రసంలోకి దిగుతుంది.

చింతపండు గుజ్జును నూనెతో దగ్గరపడేవరకు ఉడికించడంలో వేరొక లాభం ఉన్నది. నీరు ఇగిరిపోయి, ఉప్పు, పులుపు చిక్కబడతాయి. అటువంటి పదార్థంలో సూక్ష్మజీవులు పెరగడం కష్టం. పులిహోర గుజ్జు చాలాకాలం నిలువ ఉండటానికి కారణం ఇదే.

పులుపు కలిపే పాత్రను గురించి ఒక హెచ్చరిక అవసరం. చింతపండుతో తోమితే ఇత్తడి బిందె తళతళలాడుతుంది. ఆమ్లం లోహం మీది మురికి పొరను కరిగించడమే ఆ మెరుపుకు కారణం. అదే ఆమ్లం పులిహోరలో ఉండి, పళ్ళెం కళాయి లేని ఇత్తడిదో రాగిదో అయితే, కరిగిన రాగి ఆహారంలో చేరుతుంది. అది చిలుమై, వికారం, వాంతులు కలిగిస్తుంది. పాత్రలకు తగరంతో కళాయి పూత వేయించడం ఈ కీడును తప్పించడానికే. ఉక్కు, పింగాణి, మట్టి పాత్రలలో ఈ భయం లేదు.

పులుపు కాపలా ఎంతవరకు?

ఇప్పుడు మొదటి ప్రశ్నకు రావచ్చును. ఆమ్లగుణాన్ని కొలిచే పి.హెచ్. మానాన్ని 1909లో డెన్మార్కు శాస్త్రజ్ఞుడు సోరెన్‌సెన్ ప్రవేశపెట్టాడు. శుద్ధజలానికి 7, అంకె తగ్గిన కొద్దీ ఆమ్లగుణం హెచ్చు. నిమ్మరసానికి సుమారు 2 నుండి 2.5. ఉత్త అన్నం 7కు కొంచెం దిగువగా ఉంటుంది. పి.హెచ్. 4.6కు తగ్గిన ఆహారంలో ప్రమాదకరమైన సూక్ష్మజీవులలో అనేకం పెరగలేవు. ప్రయాణానికి పులిహోర కట్టుకొనే ఆచారంలోని బలం ఇదే.

కాని అన్నాన్ని ఆశ్రయించే ఒక సూక్ష్మజీవి సంగతి వేరు. దాని పేరు బాసిల్లస్ సీరియస్. అది నేలలో ఉంటుంది. వరిగింజతో ఇంటికి వస్తుంది. ప్రతికూల పరిస్థితులలో అది గట్టి కవచం గల సిద్ధబీజంగా మారుతుంది. అన్నం ఉడికినా ఆ సిద్ధబీజాలు చావవు. అన్నం గోరువెచ్చగా చాలాసేపు ఉంటే అవి మొలకెత్తి, వేగంగా పెరిగి, సెరియులైడ్ అనే విషాన్ని వదులుతాయి.

ఈ విషంలో మూడు గుణాలు భయంకరమైనవి. దీనికి వాసన లేదు. అన్నం పాసినట్లు తెలియదు. ఇది వేడికి చావదు. 121 డిగ్రీల వద్ద గంటసేపు ఉంచినా నశించదు. ఆమ్లానికి కూడా లొంగదు. తిన్న అరగంట నుండి ఆరు గంటలలోపు వాంతులు పట్టుకొంటాయి. సాధారణంగా ఒక రోజులో తగ్గిపోతాయి గాని, అరుదుగా పసిపిల్లలకు ప్రాణం మీదికి వచ్చిన సందర్భాలు కూడా ఉన్నాయి. 1970ల తొలి సంవత్సరాలలో బ్రిటన్‌లో ఇట్టి వాంతులు అనేకచోట్ల కనబడినప్పుడు, మూలం వేపుడన్నంలో తేలినది. అన్నాన్ని ఎక్కువ మొత్తంలో ముందే వండి, బయట ఉంచి, తరువాత నూనెలో వేయించి వడ్డించేవారు. సూక్ష్మజీవులు చచ్చినా విషం మిగిలినది.

రాత్రి అన్నంతో ఉదయం చేసే పులిహోర ఈ వేపుడన్నం వంటిదే. రాత్రంతా గిన్నెలో, మూత కింద, గోరువెచ్చగా ఉన్న అన్నంలో విషం పుట్టవలసి ఉంటే ఉదయానికి పుట్టే ఉంటుంది. అప్పుడు వేసే పోపు దానిని కాల్చలేదు. పిండే నిమ్మరసం దానిని విరచలేదు. పైగా పోపు కమ్మదనం అన్నంలోని ఏ చిన్న తేడానూ తెలియనివ్వదు. పులుపు సూక్ష్మజీవుల పెరుగుదలను ఆపగలదు గాని, జరిగిపోయిన పెరుగుదల ఫలితాన్ని తుడిచివేయలేదు. కాపలావాడు దొంగకంటె ముందు రావాలి.

రాత్రి అన్నంలో మజ్జిగ పోసి చద్దన్నంగా ఉంచే ఆచారంలో పులుపు ఆ రాత్రే చేరుతుంది. ఉదయం నిమ్మకాయ పిండటానికీ దీనికీ భేదం అక్కడ ఉన్నది. అయినా అన్నం చల్లారకముందు గంటల తరబడి వదలివేస్తే ఆ ఆచారం కూడా రక్షించదు.

పాటించవలసిన నియమాలు కష్టమైనవి కావు. అన్నం వండిన వెంటనే పళ్ళెంలో పరచి ఆరబెట్టాలి. ఆరిన వెంటనే పులుపు కలపాలి. పోపు, పులుపు అంతటా సమంగా చేరాలి. తెల్లగా మిగిలిన మెతుకు కలవని మెతుకని గ్రహించాలి. రుచికోసం వేసే నిమ్మరసం అన్నిసార్లూ పి.హెచ్.ను 4.6కు దించకపోవచ్చును గనుక నిమ్మకాయ పులిహోరను ఆ పూటకే తినాలి. బడి డబ్బాకు ఉదయం వండిన అన్నమే వాడాలి. వేడిగా ఉన్నదానిని డబ్బాలో మూయరాదు. ఆవిరి మూతకు తగిలి నీరై, మళ్ళీ అన్నంలోనే పడుతుంది, వేడి లోపలే చిక్కుకొంటుంది. రాత్రి అన్నం మిగలక తప్పదనుకొంటే, వండిన రెండు గంటలలోపు పలుచగా పరచి చల్లార్చి, 5 డిగ్రీలకు లోపు ఉండే రిఫ్రిజిరేటరులో పెట్టాలి. రాత్రంతా బయట ఉన్న అన్నాన్ని ఎట్టి పులుపుతోనూ బాగుచేయడానికి ప్రయత్నించరాదు.

తరగతిలో చేయదగిన పరీక్షలు

పసుపును కొద్ది నూనెలోను, కొద్ది నీటిలోను వేరువేరుగా కలిపి నిలువ ఉంచాలి. నీటిలో పసుపు అడుగున పేరుకొంటుంది. నూనెకు వన్నె దిగుతుంది. పోపులో పసుపు వేయడానికి కారణం దీనితో తేటపడుతుంది.

పసుపు నీటిలో తడిపి ఆరబెట్టిన కాగితం మీద సున్నపుతేట చుక్క వేస్తే ఎర్రబడుతుంది. ఆ మచ్చమీద నిమ్మరసం వేస్తే మళ్ళీ పచ్చబడుతుంది. పసుపు, సున్నం కలిపితే పారాణి ఎర్రగా రావడం, పులుపు ఎంత వేసినా పులిహోర పచ్చగానే ఉండటం ఒకే సూత్రానికి రెండు ముఖాలు.

ఒక చెంచా ఆవాలను చన్నీటితో, మరొక చెంచా ఆవాలను మరుగునీటిలో కొంతసేపు ఉంచి ఆ నీటితోనే నూరాలి. పది నిమిషాల తరువాత రెండింటినీ దూరంనుండి వాసన చూస్తే, ఎంజైము ఎక్కడ బ్రతికి ఉన్నదో తెలుస్తుంది. కళ్ళకు తగలకుండా జాగ్రత్త వహించాలి.

పసుపు వేయని ఉత్త అన్నాన్ని వంద గ్రాములు తీసుకొని, నిమ్మరసాన్ని చెంచా చెంచాగా కలుపుతూ, ప్రతిసారి కొన్ని మెతుకులను నలిపి పి.హెచ్. కాగితానికి అద్ది చూడాలి. ఎన్ని చెంచాలకు అంకె 4.6కు దిగినదో గుర్తించి, అంత పులుపు ఇంటిలోని పులిహోరలో ఉంటుందో లేదో విద్యార్థులు పోల్చుకోవాలి. పరీక్షకు వాడిన అన్నాన్ని తినరాదు.

ఈ నాలుగు పరీక్షలకు కావలసిన సామగ్రిలో పి.హెచ్. కాగితం ఒక్కటే బయటనుండి తేవలసినది. తక్కినదంతా ప్రతి ఇంటి పోపులపెట్టెలోను, కూరగాయల బుట్టలోను ఉన్నది.